మాడు ఉబ్బిండాది

మనిషి నెత్తిన, నుదుటికి నాలుగు వేళ్ళ పైన ఒక చోటుంది. దాని పేరు మాడు. పెద్దవాళ్ళకు అక్కడ గట్టి ఎముకే ఉంటుంది కాబట్టి, ఎండకి పగిలిందని చెప్పుకోవడానికీ, కోపమొచ్చినప్పుడు పగలగొడతానని ఎదుటివాణ్ణి బెదిరించడానికీ తప్ప ఆ మాట ఎవరికీ గుర్తు రాదు. చంటిపిల్లల సంగతి వేరు. వాళ్ళకి అక్కడ ఎముకలు ఇంకా కలుసుకోవు. వేలు ఆనిస్తే మెత్తగా తగులుతుంది, లోపల నాడి కొట్టుకుంటూ ఉంటుంది. బాలింత ఉన్న ఇంట్లో ముసలమ్మలు ఒక కన్ను ఎప్పుడూ ఆ చోటు మీదే ఉంచుతారు. గుంట పడితే బిడ్డకు నీళ్ళు చాలలేదంటారు. వేడి చేసిందనుకుంటే ఆముదం పెడతారు. డాక్టర్లు దాన్నే ఫాంటనెల్ అంటారు. పేరు వాళ్ళది పొడుగు, చోటు మాత్రం అదే.

ఈ పురాణమంతా ఎందుకంటే, పుంగనూరులో బస్సెక్కి పలమనేరు, వి.కోట దాటి కుప్పంలో దిగేసరికి ఇదే మాటకు కొమ్ములు మొలుస్తాయి. కుప్పంలో సగం ఇళ్ళలో మాట్లాడేది అరవం. అరవంలో మాడు అంటే ఆవు. సరిహద్దులో లారీలను ఆపి లోపలేముందని అడిగే ఉద్యోగస్తులు ఉన్నారు గానీ, మాటలను ఆపి అడిగేవాడు ఒక్కడూ లేడు. అలాంటివాడు ఒక్కడుంటే మునెప్ప కొడుకు ఇవాళ పెద్ద పిల్లాడై ఉండేవాడు.

మునెప్పది పుంగనూరు పక్క పల్లె. వాన పడితే వేరుశెనగ, పడకపోతే ఆకాశం. ఇంట్లో తల్లి నారాయణమ్మ, పెళ్ళాం కృష్ణవేణి, తొంభై నాలుగు సంక్రాంతికి పుట్టిన కొడుకు మహేష్, కొట్టంలో ఒక తెల్లని పొట్టి ఆవు. సేద్యం కూడు పెట్టక, తొంభై మూడులో కుప్పం వెళ్ళి గ్రానైట్ క్వారీలో మేస్త్రీగా చేరాడు. రాళ్ళు తవ్వించడం, లారీలకెత్తించి మద్రాసు రేవుకి పంపించడం అతని పని. సెలవు దొరికినప్పుడు ఊరికొచ్చి, దిగీ దిగగానే కొడుకుని భుజాన వేసుకుని వీధంతా తిప్పేవాడు. "వాణ్ణి కిందికి దించరా, కాళ్ళొచ్చేదెట్ల?" అని తల్లి కేకలేసేది.

కుప్పం రైల్వే స్టేషన్ దగ్గర దేవరాజులు అనే ఆయనకు ఎస్టీడీ బూతు ఉండేది. ఇంట్లో అరవం, గల్లా దగ్గర తెలుగు, కోపమొస్తే రెండూ కలిపి ఒకే సాంబారు. మనిషి మాత్రం వెన్న. క్వారీ కూలీలందరికీ ఊళ్ళ నుంచి వచ్చే కబుర్లు ఆయన దగ్గరికే వచ్చేవి. వచ్చిన కబురు అందించేదాకా ఆయనకు అన్నం దిగేది కాదు. అరవంలో వచ్చింది తెలుగువాడికి తెలుగు చేసి, తెలుగులో వచ్చింది అరవవాడికి అరవం చేసి చెప్పేవాడు. ఎవరూ అడగలేదు, డబ్బులిచ్చిందీ లేదు. మంచితనం అంతే. చెడ్డవాడి వల్ల కొంప మునిగితే తిట్టుకోవడానికైనా ఒకడు మిగులుతాడు, మంచివాడి వల్ల మునిగితే అదీ ఉండదు.

తొంభై నాలుగు కార్తీకంలో, వేరుశెనగ పీకుతున్న రోజుల్లో, మహేష్‌కి జ్వరం వచ్చింది. పళ్ళొస్తున్నాయన్నారు, దిష్టి అన్నారు. పల్లెలో సూదులేసే ఆయన ఒక సీసా మందిచ్చాడు. మరునాటి సాయంత్రానికి బిడ్డ పాలు తాగడం మానేశాడు. ఏడుపు కూడా సన్నగా, వేరేగా ఉంది. నారాయణమ్మ మనవడి తల నిమురుతూ ఒకచోట చెయ్యి ఆపింది.

"అమ్మీ, మాడు ఉబ్బిండాది సూడు. ఇట్ల నేనెప్పుడూ సూళ్ళేదు. మునెప్పకి ఫోన్ చెయ్. మొగోడు చెప్పకుండా బిడ్డని ఊరు దాటిస్తే రేప్పొద్దున మనల్నే అంటాడు."

కృష్ణవేణి చెప్పులు కూడా తొడుక్కోకుండా పుంగనూరుకు ఆటో ఎక్కింది. బూతులో అవతలి గొంతు దేవరాజులుది. మునెప్ప లేడు, క్వారీ నుంచి ఇంకా రాలేదు. చెప్పమ్మా, నేను చెప్తానన్నాడాయన.

"అన్నా, మాడు బాగా ఉబ్బిండాదని చెప్పన్నా. నాకు బయమేస్తాండాది. ఆయప్ప వస్తాడా, లేకుంటే మమ్మల్నే ఆస్పత్రికి తీసుకపొమ్మంటాడా, అడుగన్నా. నేను ఈడ్నే ఉంటా, అర్ధగంటకి మళ్ళీ చేస్తా."

ఎవరి మాడు అని ఆమె చెప్పలేదు. రెండు రోజులుగా ఆ ఇంట్లో బిడ్డ తప్ప ఇంకో లోకం లేదు. ఆమెకు తెలిసిన మాడు ఒక్కటే.

దేవరాజులు చెవికి అది ఆవుగా వినబడింది. ఆయనా ఒకప్పుడు పాడి చేసినవాడే. కడుపుబ్బిన ఆవు ఎంతలో పోతుందో తెలుసు. బూతుని పక్క కొట్టువాడికి అప్పజెప్పి సైకిలెక్కి క్వారీ దారిలో మునెప్పకి ఎదురెళ్ళాడు. మునెప్ప లారీ మెట్టు మీద నిలబడి గొలుసులు బిగిస్తున్నాడు.

"మునెప్పా, మీ ఇంటి నుంచి ఫోను. ఆవు ఉబ్బిండాదంట. బాగా ఉబ్బిండాదంట. నువ్వు వస్తావా, ఆస్పత్రికి తీసుకపోవల్లనా అని అడుగుతాండాది నీ పెండ్లాం."

ఆవు అని శుద్ధమైన తెలుగులో చెప్పాడు. విన్నది విన్నట్టు మాడు అని చెప్పి ఉంటే మునెప్ప ఆ గొలుసు అక్కడే పారేసి పరిగెత్తి ఉండేవాడు.

మునెప్పకి మొదట కోపమొచ్చింది. పచ్చి వేరుశెనగ కట్టె ఆవుకి వెయ్యొద్దని ఎన్నిసార్లు చెప్పాడు! తర్వాత నవ్వు కూడా వచ్చింది. ఆవు ఉబ్బితే ఇంత భయమా, రైతు కూతురు అయ్యుండి.

"దానికేముందిలే అన్నా, ఆముదం పట్టించమను. తెల్లారేతలికి దిగిపోతాది. ఆస్పత్రి గీస్పత్రి అక్కర్లేదు. ఈ లోడు పంపించి నేను రేపొస్తాను. బయపడొద్దని చెప్పు."

దేవరాజులు మళ్ళీ సైకిలెక్కి చెమటలు కక్కుకుంటూ బూతుకొచ్చాడు. ఫోను మోగింది. చెప్పమన్నది చెప్పాడు, ఒక్క మాట పోనివ్వలేదు.

"ఆముదం పట్టించమన్నాడమ్మా. తెల్లారేతలికి దిగిపోతాదంట. ఆస్పత్రి అక్కర్లేదన్నాడు. రేపొస్తాడంట. బయపడొద్దు."

తెలుగులో మందూ పట్టిస్తారు, తలకు నూనె కూడా పట్టిస్తారు. మాడుకి ఆముదం పట్టించడం ఆ ఇంట్లో మొన్నటిదాకా రోజూ జరిగిన పనే. అందుకని కృష్ణవేణికి ఆ జవాబులో వింతేమీ కనబడలేదు. పైగా కాస్త ధైర్యం కూడా వచ్చింది. సరేనన్నా అని పెట్టేసి, వచ్చిన ఆటోలోనే ఇల్లు చేరి, గోరువెచ్చని ఆముదం బిడ్డ మాడు మీద పట్టించింది. పట్టించి, దిగుతుందా అని తెల్లవార్లూ చూస్తూ కూర్చుంది.

దిగలేదు. తెల్లవారేసరికి బిడ్డ ఒళ్ళు కొయ్యబారి, కళ్ళు పైకి తేలిపోయాయి. అత్తా కోడలూ మొదటి బస్సులో మదనపల్లె వెళ్ళారు.

ఆ మధ్యాహ్నానికి మునెప్ప ఇంటికొచ్చాడు. పలమనేరులో దిగి, పశువుల మందుల అంగట్లో ఉబ్బుకి పొడి కూడా కట్టించుకున్నాడు. వచ్చినవాడు వచ్చినట్టే కొట్టంలోకి వెళ్ళాడు. ఆవు పడుకుని నెమరేస్తోంది. పొట్ట తట్టి చూశాడు, మామూలుగానే ఉంది. చూశావా, ఆముదమా మజాకా అనుకున్నాడు. ఆవు మొహం నిమిరి, "ఏమే, ఇంటిల్లిపాదినీ బయపెట్టినావంటనే" అని నవ్వాడు కూడా. ఆ నవ్వు తర్వాత అతన్ని ఏళ్ళ తరబడి తిన్నది.

ఇంటికి తాళం వేసి ఉంది. పక్కింటి గురప్ప గోడ మీదుగా చూశాడు.

"యాడికి పోయినారు మామా అందరూ?" అన్నాడు మునెప్ప.

"అదేందిరా, నీకు తెలీదా? పిల్లోని మాడు ఉబ్బి, జరం తలకెక్కె. మదనపల్లికి ఎత్తుకుపొయినారు. నిన్న సందేళ నీకు ఫోన్ చేసినామనిరే?"

మునెప్ప కుప్పంలో ఏడాది పైనే ఉన్నాడు. మాడు అంటే అక్కడ ఏమిటో అతనికి ఒకరు చెప్పనక్కర్లేదు. వచ్చిన దారినే బస్సుకి పరిగెత్తాడు. పుంగనూరు నుంచి మదనపల్లె దాకా బస్సులో కూర్చోలేదు, కంబీ పట్టుకుని నిలబడే వెళ్ళాడు.

ఆస్పత్రి వరండాలో తల్లి గోడకి తల ఆనించి కూర్చుని ఉంది. కృష్ణవేణి ఒళ్ళో బిడ్డ ఉన్నాడు, పైన పాత చీర ముక్క కప్పి ఉంది. చీర ముక్క మొహం మీదికి కూడా కప్పి ఉండటం చూశాక ఇంక అడగడానికేమీ మిగల్లేదు. పెద్ద డాక్టరు అతన్ని లోపలికి పిలిచి, మెదడు పొరలకు చీము పట్టిందనీ, లోపలి ఒత్తిడికి ఫాంటనెల్ ఉబ్బిందనీ చెప్పాడు.

"అదొక్కటే బయటికి కనబడే గుర్తయ్యా. ఉబ్బిన గంటలో తేవాలి. నిన్న సాయంత్రం ఎందుకు తేలేదు?"

 మునెప్ప ఆ ఇంగ్లీషు మాటని నోట్లో తిప్పుకున్నాడు. ఫాంటనెల్. ఈ మాటతో ఎవరైనా ఫోన్ చేసి ఉంటే దేవరాజులుకీ అర్థమయ్యేది కాదు, తనకీ అర్థమయ్యేది కాదు. ఏందో భయమైన మాట అనుకుని పరిగెత్తుకొచ్చి ఉండేవాడు. అర్థమైన మాటే బిడ్డను తీసుకుపోయింది.

బిడ్డను పొలం గట్టున పెట్టి వచ్చాక, బంధువులందరి ముందూ కృష్ణవేణి నోరు తెరిచింది.

"మాడు బాగా ఉబ్బిండాదని చెప్తినే! నాకు బయమేస్తాండాదని చెప్తినే! అంతకన్నా ఏం చెప్పల్ల నేను? ఆముదం పట్టించమన్నాడు. ఆస్పత్రి అక్కర్లేదన్నాడు. కొడుకు సస్తాంటే లారీ ముఖ్యమాయె నీకు!"

మునెప్ప చెప్పబోయాడు. నేను ఆవు అనుకున్నానే అని నాలుక చివరిదాకా వచ్చింది. చెబితే తన మీద పడ్డ నింద సగానికి సగం దిగిపోతుంది. అప్పుడు జనం అడుగుతారు, ఆవని ఎందుకనుకున్నావని. ఫోనులో పిల్లోని మాడు అని చెప్పలేదంట, ఉత్త మాడు అనిందంట అని తేలుతుంది. చెప్పనిది ఎవరు? కన్నతల్లి. ఒక్క మాట, పిల్లోని అనే ఒక్క మాట అని ఉంటే కొడుకు బతికేవాడని తెలిసిన తరువాత ఆ మనిషి బతుకుతుందా? బావి దగ్గరికి నీళ్ళకి పంపడానికి కూడా భయపడాల్సిందే. మునెప్ప నోరు మూసుకున్నాడు. తనది తప్పు లేదనీ అనుకోలేదు. ఆ ఫోన్ వచ్చేదాకా బూతుకొచ్చి నిలబడి, తన చెవితో తాను విని ఉంటే చాలు. లారీ కదిలిపోతుందని పోలేదు. ఆ పాటి తప్పుకి ఈ తిట్లు పడటం న్యాయమే అనుకున్నాడు.

కర్మంతరాలయ్యాక కుప్పం బస్సెక్కినప్పుడు మాత్రం అతని లోపల ఒక్కటే ఉంది, దేవరాజులు గొంతు పట్టుకోవాలి. బూతు మెట్లెక్కాడు. ఇతన్ని చూడగానే ఆయన ఫోను అలాగే వదిలేసి బయటికొచ్చాడు.

"వచ్చినావా మునెప్పా! ఇన్నాళ్ళాయె, ఒక ఫోనన్నా చెయ్యలేదే. మాడు ఎట్లుండాది? బతికిందా? ఆ పొద్దు రాత్రి నాకు నిద్రే లేదప్పా. గంగమ్మకి టెంకాయ కొడతానని మొక్కుకుంటి."

కంటితో ఎన్నడూ చూడని ఆవు కోసం మొక్కుకున్న మనిషి. గొంతు పట్టుకోవడానికి లేచిన చెయ్యి ఎక్కడ పెట్టుకోవాలో మునెప్పకి తెలియలేదు.

"బతికిందన్నా," అన్నాడు. "నెమరేస్తాండాది."

దేవరాజులు సంబరంగా లోపలికి వెళ్ళి రెండు గోలీ సోడాలు కొట్టి తెచ్చాడు. మునెప్ప ఆ సోడా తాగాడు. ఊరి సంగతి ఇంకేమీ కుప్పంలో ఎవరికీ చెప్పలేదు.

కాలం ఎవరి కోసం ఆగుతుంది గనక. మూడేళ్ళకి ఆడపిల్ల పుట్టింది, శాలిని అని పేరు పెట్టుకున్నారు. ఆ తర్వాత నారాయణమ్మ కన్నుమూసింది. క్వారీ మూతపడ్డాక మునెప్ప ఇంటికొచ్చేసి, బోరు వేయించి, పాలు పోసుకుంటూ బతుకుతున్నాడు. మొగుడూ పెళ్ళాల మధ్య మాటలు లేకపోలేదు. ఉప్పు, పప్పు, కరెంటు, పిల్ల బడి. అంతకు మించి లేవు. శాలినికి ఒళ్ళు వెచ్చబడితే చాలు, కృష్ణవేణి ఎవరినీ అడక్కుండా మదనపల్లె బస్సెక్కేది. ఎవరైనా మీ ఆయనకి చెప్పలేదా అంటే, "ఆయప్పకి చెప్తే ఆముదం పట్టించమంటాడు" అనేది, అతనికి వినబడేట్టుగానే. మునెప్ప తలొంచుకుని గడ్డి కోసుకునేవాడు. ఆ మాట అన్నంత కాలం ఆమెకు అసలు సంగతి తెలియదని అర్థం. అది వినబడినప్పుడల్లా అతనికి నొప్పీ, నిశ్చింతా ఒకేసారి కలిగేవి.

రెండువేల రెండులో, ఎండాకాలం మొదట్లో, వాకిట్లో ఒక ఆటో ఆగింది. తెల్లపంచె, భుజాన తువ్వాలు, చేతిలో పసుపు పూసిన పత్రికల సంచీ. దేవరాజులు. కూతురి పెళ్ళికి పిలవడానికి కుప్పం నుంచి పనిగట్టుకుని వచ్చాడు.  మునెప్ప ఆయన్ని వీధి అరుగు మీదే కూర్చోబెట్టి మాటల్లో పెట్టి పంపించేద్దామని చూశాడు. కానీ పెళ్ళి పత్రిక ఇంటి ఇల్లాలి చేతికి కుంకుమ పెట్టి ఇవ్వకుండా పోయే మనిషా ఆయన? కృష్ణవేణి మజ్జిగ చెంబుతో వచ్చింది. పత్రికా వక్కాకూ అందుకుని కళ్ళకద్దుకుంది.

మజ్జిగ తాగుతూ దేవరాజులు కొట్టం వైపు చూశాడు. ముసలిదైపోయిన పొట్టి ఆవు గాటి దగ్గర నిలబడి ఉంది.

"మునెప్పా, ఇదేనా ఆ మాడు?"

"అన్నా, బస్సుకి టైమాయె, పోదాం రా," అని మునెప్ప లేచాడు.

"ఉండప్పా. అమ్మా, నన్ను గుర్తు పట్టలేదా? ఆ పొద్దు నీకు ఫోన్లో చెప్పింది నేనే గదా. మాడు బాగా ఉబ్బిండాది, బయమేస్తాండాది అని నువ్వు ఏడుస్తాంటివి. నేను సైకిలేసుకుని పోయి, మునెప్పా, మీ ఆవు ఉబ్బిండాదప్పా అని చెప్తి. ఈయప్ప నవ్వినాడు, ఆముదం పట్టించమన్నాడు. ఎన్నేండ్లాయె! ఇంకా ఉండాది సూడు, లక్ష్మి!"

కృష్ణవేణి చేతిలో పత్రిక అలాగే ఉంది. ఆమె ఆవుని చూసింది. దేవరాజులుని చూసింది. చివరికి మొగుడి మొహం చూసింది. ఎనిమిదేళ్ళలో అలా నేరుగా చూడటం అదే మొదటిసారి. అతని మొహంలో ఆశ్చర్యం లేదు. అంటే ఇతనికి ముందే తెలుసు. మొదటి రోజు నుంచీ తెలుసు. మునెప్ప వద్దు అన్నట్టు తల కొద్దిగా ఆడించాడు. ఎవరిని వద్దంటున్నాడో అతనికే తెలియదు.

"ఏమ్మా, బాగా పాలిచ్చిందా?" అన్నాడు దేవరాజులు.

ఆమె మజ్జిగ చెంబు అందుకుంది.

"ఇచ్చిందన్నా. మీ పుణ్యమా అని బతికింది. ఇంకొంచెం మజ్జిగ పొయ్యనా?"

ఆటో సందు మలుపు తిరిగేదాకా ఇద్దరూ వాకిట్లో నిలబడి చేతులూపారు. మలుపు తిరిగాక ఆమె అరుగు మీద కూలబడింది.

"పిల్లోని మాడు అనలేదు నేను. ఉత్త మాడు అంటి."

"నువ్వేం చేస్తావు, ఆ బయంలో..."

"ఇన్నేండ్లు నిన్ను తింటి గదా. ఊరంతా తిప్పి తిప్పి అంటి. ఒక్క పొద్దన్నా చెప్పగూడదా? యాల చెప్పలేదు?"

మునెప్ప ఆమె పక్కన కూర్చున్నాడు.

"చెప్తే నన్ను ఇడిసిపెట్టి నిన్ను నువ్వు తింటావని."

"ఇప్పుడు తినేది లేదా?" అంటూ ఆమె నెత్తి బాదుకుంది. అతను ఆ రెండు చేతులూ పట్టుకున్నాడు. కొడుకు పోయినప్పుడు ఆమె ఇంట్లో ఏడ్చింది, అతను పొలంలో ఏడ్చాడు. ఇన్నాళ్ళకి ఇద్దరూ ఒక్కచోట కూర్చుని, బడి నుంచి కూతురు వచ్చే వేళయిందన్న ఎరుక కూడా లేకుండా ఏడ్చారు. ఎనిమిదేళ్ళు అతను దేన్ని ఆమె మీద పడకుండా మోశాడో అది ఒక పెళ్ళి పిలుపుతో పాటు వచ్చి పడనే పడింది. మోసిందంతా వృథా అయిందని అతనికి తెలుసు. చేతులు మాత్రం వదల్లేదు.

చాలాసేపటికి ఆమె కొంగుతో మొహం తుడుచుకుని, నలిగిపోయిన పత్రికని మోకాలి మీద పెట్టి సాపు చేసింది.

"పెండ్లికి పోవల్ల," అంది.

"నువ్వు రావద్దులే. నేనొక్కణ్ణే పోయొస్తా."

"ఇద్దరమూ పోవల్ల. పోకుంటే యాల రాలేదని ఆ మనిషి ఆలోచన చేస్తాడు. ఎవురినన్నా అడుగుతాడు. ఆ పొద్దు మన పిల్లోడు పోయినాడని ఎవురో ఒకరు చెప్తారు." పత్రిక అంచుని ఇంకోసారి సాపు చేసింది. "ఆయప్పకి తెలీకూడదు. మనకి తెలిసింది చాలు."

మునెప్ప తలూపాడు.

"మళ్ళీ ఆవు ఎట్లుండాదని అడిగితే?"

"బాగుండాదని చెప్దాం," అంది కృష్ణవేణి.